గార్లదిన్నె మందు

కరోనా తగ్గిన మరుసటి ఏడాది జూన్‌లో నన్ను రాయదుర్గం అవతల, కర్ణాటక సరిహద్దుకు దగ్గరగా ఉన్న ముప్పై పడకల ప్రభుత్వ ఆసుపత్రికి ఫార్మసిస్టు గ్రేడ్-1గా బదిలీ చేశారు. పదవీ విరమణకు అప్పటికి రెండేళ్ళే మిగిలి ఉంది. గ్రేడ్-1 అంటే మందుల గది, మందులు చల్లగా ఉంచే ఫ్రిజ్, స్టాకు రిజిస్టరు మూడింటికీ నేనే బాధ్యురాలిని. నా పైన వైద్యాధికారి ఒకరే. ఆమె నా కూతురి వయసు డాక్టరు, మాట తక్కువ మనిషి.

నేను చేరిన నెలలోపే మా ఆసుపత్రికి గ్లార్జిన్ అనే ఇన్సులిన్ మొదటిసారి వచ్చింది. చక్కెర జబ్బుకు వాడే ఇన్సులిన్‌లో అంతకుముందు మా దగ్గర రెండు రకాలుండేవి. ఒకటి నీళ్ళలా తేటగా ఉండి, వేసిన అరగంటకే పని మొదలుపెడుతుంది. దాన్ని వేసుకున్నవాళ్ళు వెంటనే అన్నం తినాలి. రెండోది పాలలా తెల్లగా ఉండి నిదానంగా పనిచేస్తుంది. చదువు రాని రోగులకు నేను ఎన్నో ఏళ్ళు ఇదే గుర్తు చెప్పాను: నీళ్ళలా ఉండేది దుడుకు సూది, తెల్లగా ఉండేది నిదానం సూది. గ్లార్జిన్ ఈ లెక్కను తలకిందులు చేసింది. అది నీళ్ళలాగే ఉంటుంది, కానీ అన్నింటికంటే నిదానం. చర్మం కిందికి చేరాక సన్నటి పలుకులుగా మారి, రోజంతా కొద్దికొద్దిగా కరుగుతూ పనిచేస్తుంది. రోజుకు ఒక్కసారి, ఒకే వేళకు వేసుకుంటే చాలు.

సిరంజి కూడా వేరు. పాత ఇన్సులిన్ మిల్లీలీటరుకు నలభై యూనిట్లు, దానికి ఎర్ర మూత సిరంజి. గ్లార్జిన్ మిల్లీలీటరుకు వంద యూనిట్లు, దానికి నారింజ రంగు మూత సిరంజి. ఈ రెండూ తారుమారైతే మోతాదు మొత్తం మారిపోతుంది.

డాక్టరుగారు గ్లార్జిన్ రాసిన మొదటి నలుగురిలో మారెక్క ఒకామె. యాభై దాటిన మనిషి, గొర్రెలు కాసేది. పుట్టిల్లు కన్నడ సీమ. భర్త లింగప్పతో ఆసుపత్రికి ఆరు కిలోమీటర్ల దూరంలోని పల్లెలో ఉండేది. రోజుకు రెండు పూటలా రెండు రకాల సూదులు వేసుకునే ఆమెకు ఇకమీదట ఉదయం ఒక్కటే, ఇరవై ఎనిమిది యూనిట్లు అని రాశారు. ఆమె సంతోషించింది. నేను పద్ధతి ప్రకారమే అన్నీ చేశాను. ఇంట్లో ఉన్న ఆసుపత్రి సీసాలు రెండూ తెప్పించి వెనక్కి తీసుకున్నాను. కొత్త సీసా, నారింజ మూత సిరంజిలు ఇచ్చి, "పాతవి రెండూ మానెయ్యి. రేపటినుంచి గ్లార్జిన్ ఒక్కటే వేసుకో, పొద్దున ఇరవై ఎనిమిది" అని రెండుసార్లు చెప్పాను.

"గార్లదిన్నెదా మేడమ్?" అని అడిగింది.

వరుసలో ఇంకా నలభై మంది ఉన్నారు. ఆమెకు నోరు తిరగక అలా పలికిందనుకున్నాను. అంతకుముందు ఒకాయన దాన్ని గోలీసోడా పేరులా పలికాడు, ఇంకొకామె దేవుడి పేరు చేసింది. "ఆ, అదే" అని నవ్వి పంపేశాను.

మర్నాడు ఉదయం ఎనిమిదీ ముప్పావుకు, నేను కౌంటరు తెరుస్తుండగానే లింగప్ప వచ్చాడు. చేతిలో ప్లాస్టిక్ కవరు. అందులో నేను ముందురోజు ఇచ్చిన గ్లార్జిన్ సీసా.

"ఇది నీ ఫ్రిజ్జులో పెట్టుకో మేడమ్. మా ఇంట్లో ఫ్రిజ్జు లేదు గదా, ఎండకు చెడిపోతాదంట. ముందు గార్లదిన్నె మందు అయిపోనీ, ఆ మీదట తీసుకపోతాము."

సీసా పట్టుకుని చూశాను. మూత మీది ప్లాస్టిక్ సీలు అలాగే ఉంది. దాన్ని ఎవరూ తెరవలేదు.

"మారెక్క పొద్దున సూది వేసుకుందా?"

"ఏసుకునింది. నువ్వు చెప్పినట్లే ఇరవై ఎనిమిది."

"ఏ సీసాలోది?"

"గార్లదిన్నెదే మేడమ్! మా మరదలి ఊరు గార్లదిన్నె గదా. పోయిన నెలలో ఆడికి పోయినప్పుడు ఈమె మందు అయిపోతే, ఆడ మెడికల్ షాపులో ఒక సీసా తెచ్చుకునింది. కుండలో తడి ఇసక పోసి దాపెట్టినాము. నువ్వు గార్లదిన్నెది ఒగటే ఏసుకోమన్నావంట గదా?"

నా చేతిలోని సీసాను కౌంటరు మీద పెట్టాను. ఆ షాపు సీసా తెల్లగా ఉంటుందా, నీళ్ళలా ఉంటుందా అని అడిగాను. నీళ్ళ మాదిరే అన్నాడు. అంటే దుడుకు సూది. ఆమె రోజూ వేసుకునేది దానిలో ఎనిమిది యూనిట్లే, అదీ అన్నానికి ముందు.

ఎన్ని గంటలకు వేసుకుందని అడిగితే ఏడున్నరకన్నాడు. ఏమైనా తినిందా అంటే తల అడ్డంగా ఊపాడు. "ఇప్పుడు ఒగటే సూది గదా, ఎంటనే తినే పనిల్యాదనుకోని సద్ది కట్టుకోని పోయినాది. గుట్ట మీద పదకొండు గంటలప్పుడు తింటాది. ఇప్పుడు గాలి ఫ్యాన్ల కాడ గొర్రెలు మేపుతా ఉంటాది." ఫోనేది అంటే, తన జేబు తట్టి చూపించాడు. ఇంట్లో ఉన్నది ఒకటే ఫోను. అది అతని దగ్గరే ఉంది.

ఏ సిరంజితో వేసుకుందో అతనికి తెలియదు. ఎర్ర మూతదైతే ఒంట్లోకి పోయింది పూర్తిగా ఇరవై ఎనిమిది యూనిట్లు. నేనిచ్చిన నారింజ మూతదైతే అదే గీత దగ్గరికి లాగినా పదకొండు యూనిట్లే. మొదటిదైతే మనిషి దక్కడం కష్టం. వేసుకుని అప్పటికే గంటా పావు దాటింది. దుడుకు సూది బలమంతా రెండో గంట నుంచి నాలుగో గంట వరకు చూపిస్తుంది.

డాక్టరుగారి గదిలోకి పరుగెత్తి, నిలబడే జరిగింది చెప్పాను. ఆమె ఎదుట కూర్చున్న రోగిని బయటికి పంపలేదు, నన్ను కోప్పడలేదు. అంబులెన్సు ఒక కాన్పు కేసుకు వెళ్ళింది, రావడానికి అరగంట పడుతుంది. "మీరు ఆయన బండి మీద వెళ్ళండి. స్పృహలో ఉంటే గ్లూకోజు నీళ్ళు తాగించండి. స్పృహ లేకపోతే నోట్లో ఏమీ పోయకండి, ఊపిరితిత్తుల్లోకి పోతుంది. పక్కకు తిప్పి పడుకోబెట్టండి. అంబులెన్సు రాగానే నేను వెనకే వస్తాను" అన్నారు. ఫార్మసిస్టు డ్యూటీ సమయంలో కౌంటరు విడవాలంటే తాళాలు రాతపూర్వకంగా అప్పగించాలి. ఆ కాగితం రాసే ఓపిక నాకు లేకపోయింది. తాళాలు హెడ్ నర్సు చేతిలో పెట్టి, చక్కెర పరీక్ష చేసే మీటరు, గ్లూకోజు పొడి డబ్బా, నీళ్ళ సీసా, ఒక గ్లాసు చీర కొంగులో చుట్టుకుని మోపెడ్ వెనక కూర్చున్నాను.

దారిలోనే ఆ పల్లె ఆశా కార్యకర్త ఓబులమ్మకు ఫోన్ చేశాను. మారెక్క ఇంటికి పోయి పారేసిన సిరంజి వెతకమని, మూత ఏ రంగో చూసి చెప్పమని అడిగాను. "చూస్తా మేడమ్" అన్నదో లేదో, ఫోన్లో సిగ్నల్ పోయింది.

అది విత్తనాల కాలం, వాన లేదు. దున్నిపెట్టిన చేలు ఎర్రగా ఎండుతున్నాయి. మట్టిదారి దాటాక మోపెడ్ రాళ్ళ మీద ఎగిరెగిరి పడింది. పల్లె దాటాక లింగప్ప ఒకసారి వెనక్కి తిరిగి, "ఏమన్నా అయితాదా మేడమ్?" అన్నాడు. బండి చూసి నడపమన్నాను. గడియారం వైపు చూడకూడదనుకుంటూనే నాలుగుసార్లు చూశాను. ఈ ఉద్యోగంలో నేను రోజుకు రెండు వందల మందికి మందులిచ్చాను. వాళ్ళు ఇంటికెళ్ళి ఏం చేసుకుంటారన్నది ఆ బండి మీద మొదటిసారి నాకు కనిపించినట్లనిపించింది.

గాలిమరలున్న గుట్ట కిందికి చేరేసరికి తొమ్మిదీ ఇరవై. గొర్రెలు కనిపించాయి. ఒక రైతు బోరు కింద వేసుకున్న వేరుశనగ చేలో పడి మేస్తున్నాయి. రైతు గట్టు మీద నిలబడి అరుస్తున్నాడు. లింగప్ప ముఖం పాలిపోయింది.

"మారెక్క ఉంటే చేన్లోకి ఒక్క గొర్రెను గూడా పోనీదు మేడమ్. ఇన్నేండ్లలో ఎప్పుడూ పోనీలేదు."

నేను దిగి రైతును అడిగాను. అతనింకా కోపంలోనే ఉన్నాడు. "యాడుండాదో నాకేం తెలుసు? పిలిచినా పలకల్యా. ఆ ఫ్యాను దిమ్మె కాడ కూసోనుండాది సూడు, తాగినదాని మాదిరి" అన్నాడు.

గాలిమర కింది సిమెంటు దిమ్మె నీడలో ఆమె కూర్చుని ఉంది. రవిక తడిసి ముద్దయింది. చేతులు వణుకుతున్నాయి, కళ్ళు మా వైపు ఉన్నాయి కానీ మమ్మల్ని చూడటం లేదు. సద్ది మూట విప్పకుండా పక్కనే ఉంది. నేను దగ్గరికి పోగానే చెయ్యి విదిలించి, "యారే నీను? హోగు!" అని అరిచింది. ఎవరు నువ్వు, పో అని. చిన్ననాటి భాష తప్ప ఏదీ గుర్తు లేదు ఆమెకు. నాకు మాత్రం ఆ తిట్టు విని ప్రాణం లేచి వచ్చింది. అరవగలుగుతోందంటే మింగగలదు.

లింగప్ప వెనకనుంచి పట్టుకున్నాడు. కన్నడంలోనే ఏదో బుజ్జగించాడు. గ్లూకోజు నీళ్ళు మొదటి గుటక నా మీదే ఉమ్మింది. రెండోది మింగింది. ఆ తర్వాత గ్లాసు తనే రెండు చేతులతో పట్టుకుని తాగింది. వేలి కొసన రక్తం తీసి మీటరులో చూస్తే నలభై నాలుగు. డెబ్బైకి దిగితేనే ప్రమాదమంటాం. మరో గ్లాసు తాగించి, పావుగంట ఆగి మళ్ళీ చూశాను. ఆ పావుగంట ఎలా గడిచిందో నేను చెప్పలేను. ఈసారి అరవై ఎనిమిది. మారెక్క నా ముఖం వైపు చూసి, తెలుగులో, "మేడమ్, నువ్వు ఈడికి యాల వచ్చినావు?" అంది. వెంటనే చేను వైపు తిరిగి, "అయ్యో, గొర్రెలు!" అని లేవబోయింది.

లేవనివ్వలేదు. సద్ది మూట విప్పి సంగటి తినిపించాం. ఇంతలో ఆ రైతే గొర్రెలన్నిటినీ తోలుకొచ్చి మా దగ్గర నిలబెట్టాడు. సంగతి తెలిశాక చేను మాటెత్తలేదు. "నేను తాగిందనుకుంటి గదమ్మా" అని మాత్రం అన్నాడు.

డాక్టరుగారు అంబులెన్సులో వచ్చి ఆమెను తీసుకుపోయారు. సూది బలం పూర్తిగా తగ్గేదాకా, సాయంత్రం వరకు గంటగంటకూ పరీక్ష చేశారు. మధ్యాహ్నం ఓబులమ్మ సిరంజిని కాగితంలో చుట్టి ఆసుపత్రికే పట్టుకొచ్చింది. నారింజ మూత. ఒంట్లోకి పోయింది పదకొండు యూనిట్లు. ఎర్ర మూత సిరంజిలు కూడా ఆ ఇంట్లో నాలుగున్నాయి. కొత్తవి బాగున్నాయని వాటిలో ఒకటి తీసుకుందట. అందులో నా జాగ్రత్త ఏమీ లేదు.

మంచం దగ్గర కూర్చుని మారెక్కకు విషయం చెప్పాను. తప్పు నాదేనన్నాను. ఆమె అది పట్టించుకోలేదు. ఆమెకు పేరు సంగతే కావాలి.

"అయితే అది ఊరు పేరు గాదా?"

"కాదు. గ్లైసిన్, ఆర్జినిన్ అని రెండు పదార్థాలుంటాయి. మామూలు ఇన్సులిన్‌లో ఒకచోట గ్లైసిన్ మార్చిపెట్టి, ఇంకోచోట రెండు ఆర్జినిన్లు తగిలించి ఈ మందు చేశారు. ఆ రెండు పేర్లూ కలిపి గ్లార్జిన్ అన్నారు."

"ఏం కలిపినారో చెప్పినారు గానీ, ఏం జేస్తాదో చెప్పల్యా గదా మేడమ్ ఆ పేర్లో?"

నేను డిప్లొమా చదివేటప్పుడు ఈ ప్రశ్న ఎవరూ అడగలేదు. ఆ పేరులో అది లేదన్నాను. తన సీసాను తను "దినమంతా సూది" అనుకుంటానంది. లింగప్ప గుర్తుకోసం గుడ్డపీలికతో ఆ సీసా మెడకు ముడి వేశాడు. గార్లదిన్నె సీసాను ఓబులమ్మ ముందే తెచ్చి నాకిచ్చింది.

ఆ సాయంత్రం మందుల పొరపాటు నివేదిక రాశాను. కారణం అన్న గడిలో ఏం రాయాలని డాక్టరుగారిని అడిగాను. రోగికి పేరు అర్థం కాలేదని రాస్తే సరిపోతుంది, అందరూ అలాగే రాస్తారని ఆమె అన్నారు. నేను మాత్రం, రోగి అడిగిన ప్రశ్నకు ఫార్మసిస్టు వినకుండా అవునన్నది అని రాసి సంతకం చేశాను. జిల్లా కార్యాలయం నుంచి సంజాయిషీ అడిగారు, ఇచ్చాను. సర్వీసు పుస్తకంలో ఒక హెచ్చరిక చేరింది. అది న్యాయమే.

మిగిలిన రెండేళ్ళూ ఇన్సులిన్ ఇచ్చిన ప్రతి మనిషి చేతా ఏ సీసా, ఏ సిరంజి, ఎప్పుడు అన్నది నాకు తిరిగి చెప్పించుకున్నాను. బయట కొన్న సీసాలతో సహా ఇంట్లో ఉన్నవన్నీ తెచ్చి చూపమన్నాను. వరుస నెమ్మదిగా కదిలింది, తిట్లు తిన్నాను. మందుకు పేరు పెట్టేవాళ్ళు దాన్ని తయారుచేసిన పద్ధతి చూసి పెడతారు. అది వేసుకునే మనిషి చెవికి ఏమని వినిపించిందో తెలుసుకోవలసింది మందు ఇచ్చే మనిషి. ముప్పై ఏళ్ళ ఉద్యోగంలో ఆ పనిని నేను సరిగ్గా చేసింది చివరి రెండేళ్ళే.