జంగయ్య నవ్వు

జంగయ్య పద్నాలుగు సినిమాల్లో వేశాడు. తొమ్మిదింటిలో చచ్చిపోయాడు. బోరబండ మనిషి. ఒకప్పుడు జూబ్లీహిల్స్ బంగళాలకు రంగులు వేసేవాడు. అక్కడే ఓ కుర్ర డైరెక్టర్ ఆ ముఖం చూసి, నిచ్చెన దింపి తండ్రి వేషం ఇచ్చాడు. మా చిన్న సినిమాల్లో తండ్రి ఉన్నాడంటే ఇంటర్వెల్ తర్వాత పోవాల్సిందే. పేరున్న నటుణ్ని పెట్టుకునే స్తోమత లేక అందరం జంగయ్యనే చంపుతుంటాం.

మా సినిమావాళ్లలో ఒక ఆనవాయితీ ఉంది. శవంగా పడుకున్న మనిషి షాట్ అయ్యాక కళ్లు తెరిచి కెమెరా వైపు నవ్వాలి. ఆ నవ్వునూ తీయాలి. అప్పుడే ఆ చావు ఉత్తుత్తిది అవుతుందట. మొన్న మార్చిలో, షేక్‌పేటలో, పాడె మీద జంగయ్య షాట్ అయ్యేసరికి కెమెరాలో మెమరీ కార్డు నిండిపోయింది. ఆ సినిమాకు డబ్బు పెట్టేదీ, డైరెక్షన్ చేసేదీ, కెమెరా పట్టేదీ, ఎడిటింగ్ చేసేదీ నేనే.

"నవ్వు తర్వాత తీద్దాంలెండి, మీరేం పోరు," అన్నాను. తెలివి ఎక్కువైనవాణ్ని కదా! ఆయన పాడె దిగి వెళ్లిపోయాడు. వేషాలు ఇచ్చేవాళ్లకు ఎన్నడూ ఎదురు చెప్పలేదు.

ఆ రోజు నుంచి ఆయనకు నిద్ర కరువైంది. ఇంట్లో భార్య భూలక్ష్మి "నవ్వినవా?" అని అడిగితే నవ్వానని అబద్ధమాడాడు. రోడ్డు దాటాలన్నా భయం, మెట్లు దిగాలన్నా భయం. నాకు ఫోన్ మీద ఫోన్. నేను ఎత్తడం మానేశాను.

పన్నెండో రోజు పొద్దున్నే ఫిలింనగర్‌లో నా ఎడిటింగ్ గదికి వచ్చేశాడు. చొక్కా మీద చాయ్ మరక.

"గ్లాసు చేతుల నిలుస్తలేదు సార్. జర ఆ నవ్వు తియ్యుండ్రి. మీ కాళ్లు మొక్కుత."

నాకు సిగ్గేసింది. ఫోన్ తీసి పట్టుకున్నాను. నవ్వాడు.

"సరిగ్గా నవ్వండి జంగయ్యగారూ."

"నవ్వుతున్న గద సార్."

ఫోన్‌లో ఆయన నోరు కుడివైపే లేచింది. ఎడమ పెదవి కిందికి జారిపోయి ఉంది. వెంటనే ఆయన్ని ఆటో ఎక్కించాను.

ఆస్పత్రిలో డాక్టర్ కూడా ముందు నవ్వమనే అడిగాడు. మెదడులో రక్తం గడ్డకట్టిందట, వేళకు తెచ్చానట. భూలక్ష్మికి అదేం పట్టలేదు. "ఆ దినమే నవ్విపిస్తే ఏం పోతుండె సారూ?" అంది. ఇది బీపీ వల్లేనన్న డాక్టర్ మాట చెప్పబోయి, ఆదివారం కెమెరా తెస్తానన్నాను.

ఇప్పుడు ప్రతి ఆదివారం కెమెరా పట్టుకుని బోరబండ వెళ్తున్నాను. జంగయ్య గోడకు ఆనుకుని కూర్చుని నవ్వుతాడు. ఎడమవైపు ఇంకా లేవడం లేదు.

"గిది లెక్కకు రాదు సార్," అంటాడు ముద్దమాటలతో. "పూరా నవ్వు వచ్చేదాంక సినిమా రిలీజు చెయ్యకుండ్రి." కుడిచేత్తో నా మణికట్టు గట్టిగా పట్టుకుంటాడు.

నాకు ఇలాంటి నమ్మకాలేమీ లేవు. సినిమా పూర్తయి రెండు నెలలైంది. ఇంతవరకూ ఎవరికీ చూపించలేదు.