కుర్చీ మీద టిష్యూ ప్యాకెట్

ఆ రోజుల్లో సింగపూర్‌లో తెలుగువాడు ఎదురైతే, పేరు కన్నా ముందు ఏ కంపెనీ అని అడిగేవారు. భౌతికశాస్త్రంలో డాక్టరేట్ చేస్తున్నానంటే, ఇంట్లో ఎవరికో ఒంట్లో బాగాలేదని విన్నట్టు మొహం పెట్టేవారు. ఆంగ్ మో కియో ఫ్లాట్‌లో నాతో ఉండే సాఫ్ట్‌వేర్ బావది (బంధుత్వమేమీ లేదు, వంట అతనిది కాబట్టి ఆ గౌరవం) రోజూ ఒకటే పోరు. "ఒరే సైంటిస్టూ, మూడు నెలలు జావా నేర్చుకోరా. నీ అణువులు ఎక్కడికీ పోవు." నాకు ఒళ్ళు మండేది.

నన్ను కొనసాగించాలో ఇంటికి పంపాలో సోమవారం ప్రొఫెసర్లు తేలుస్తారు. చివరి కొలతలకు నాకు దొరికింది శనివారం ఒక్కటే. ల్యాబ్‌లో పరికరాలు చూసుకునే అంకుల్ పొద్దున్నే పరికరంలో ద్రవ హీలియం నింపి వెళ్ళాడు. అది ఆవిరయ్యేలోగా పని ముగించాలి. తీరా వెళ్తే, పరికరం ముందు కుర్చీలో టిష్యూ ప్యాకెట్. దాని మీద జావా కోర్సు ప్రకటన.

ఇక్కడి హాకర్ సెంటర్లో, అంటే తిండి దుకాణాల సముదాయంలో, బల్ల మీద టిష్యూ ప్యాకెట్ ఉంటే ఆ చోటు ఎవరో చోప్ చేసుకున్నట్టే, ఇంకొకరు కూర్చోకూడదు. (వచ్చిన వారంలోనే ఒక ఆంటీ చేత చీవాట్లు తిని నేర్చుకున్న మర్యాద.) జావా వాళ్ళు చివరికి నా కుర్చీ కూడా ఆక్రమించారన్నమాట. గుమ్మంలో నిలబడి, ఆ వచ్చేవాణ్ణి ఏమని కడిగెయ్యాలో మూడు గంటలు మనసులో రాసుకున్నాను. హీలియం తన దారిన తాను ఆవిరైపోతోంది.

మధ్యాహ్నం అంకుల్ వచ్చాడు. మూడు తరాలుగా ఇక్కడే ఉన్న తెలుగు కుటుంబం ఆయనది; తమిళుల 'తంబీ', సింగపూర్ వాళ్ళు మాట చివర తగిలించే 'లా' ఆయన తెలుగులో కలిసిపోయాయి.

"ఏం తంబీ, బయట నిలబడ్డావు?"

"ఎవడో చోప్ చేశాడు అంకుల్. రానీండి, వాడి సంగతి చూస్తాను."

"అది నిన్న నీ సంచిలోంచే పడింది తంబీ. రేపు నీ వంతు కదా అని, నీకోసం నేనే చోప్ చేసి పెట్టాను లా."

సాయంత్రం బావను నిలదీస్తే, అన్నం వారుస్తూ తల కూడా ఎత్తలేదు. "నేనే సంచిలో పెట్టా. ముక్కు తుడుచుకునేటప్పుడైనా చదువుతావని."

మిగిలిన హీలియం సగం కొలతలకే సరిపోవడంతో, సోమవారం నా గ్రాఫ్ సగంలో ఆగిపోయింది. మిగతా సగం ఏదని అడిగితే జరిగింది చెప్పాను. ముగ్గురు ప్రొఫెసర్లూ మొహాలు చూసుకున్నారు. వారిలో ఇక్కడే పుట్టి పెరిగిన పెద్దాయన, "ప్యాకెట్ ముట్టుకోలేదు కదా, అది మాత్రం సరైన పని," అని ఇంకో నెల గడువు ఇప్పించాడు.

ఇప్పుడు మేముండే బిషాన్‌లో హాకర్ సెంటర్‌కు భోజనానికి వెళ్తే, బల్ల మీద ప్యాకెట్ చూసి నేను ఆగిపోతాను. "నాన్నా, అది మనదే లా, నేనే పెట్టాను," అని విసుక్కుంటుంది మా అమ్మాయి. అప్పుడు ఆ గుమ్మంలో పళ్ళు నూరుతూ నిలబడ్డ కుర్రవాడు గుర్తొస్తాడు. వెళ్ళి వాడి భుజం తట్టి, "కుర్చీ నీదేరా, కూర్చో," అని చెప్పాలనిపిస్తుంది.