వీచిక పేరు ఎక్కడిదంటే

మా చెల్లెలి కోడలు మొన్న ఒక ఆల్బమ్ తెచ్చి నా ఒళ్ళో పెట్టింది. మొదటి పేజీలో పాప అరికాలి ముద్ర, దాని కింద పేరు, అర్థం, ఎవరు పెట్టారు అని అచ్చువేసిన మూడు గీతలు. "మీ చేత్తో రాయండి పెద్దత్తయ్యగారూ, పుస్తకాలు చదివినవారు మీరే కదా" అంది. పేరు రాశాను, అర్థం రాశాను. మూడో గీత దగ్గర పెన్ను ఆగిపోయింది. అది ఒక గీత మీద పట్టే సంగతి కాదు. తెలిసినవాళ్ళం నేనూ మా చెల్లెలూ ఇద్దరమే. ఇద్దరికీ అరవై దాటాయి. మేం పోతే ఆ సంగతి చెప్పేవాళ్ళుండరు. అందుకని విడిగా ఈ కాగితాల మీద రాసిపెడుతున్నాను.

నా చదువు ఏడో తరగతి. కూర్మన్నపాలెం దగ్గర ఒక శాఖా గ్రంథాలయంలో ఊడ్చి తుడిచే పనికి చేరాను. మిగతా పుస్తకాలను బీరువాలో ఉన్నచోటే దులిపేయొచ్చు గానీ నిఘంటువులు బరువు. వాటిని బల్ల మీదికి దించాలి. దించితే తెరుచుకుంటాయి, తెరుచుకుంటే చదవక తప్పదు. అలా నాలుగైదేళ్ళలో లైబ్రరీకి వచ్చే ఎం.ఏ. వాళ్ళు కూడా నన్ను మాటలకు అర్థాలడిగే స్థితికి వచ్చాను. ఈ మాట గొప్పకే చెబుతున్నాను, దాచుకోవడం దేనికి? స్టీల్ ప్లాంటు క్వార్టర్ల ఆడవాళ్ళకి ఇది తెలిసి, మా వైపు అక్కని పిలిచినట్టు, "అప్పా, మా పిల్లకి బళ్ళో ఇంకెవులికీ లేని పేరు సెప్పు" అని వచ్చేవారు. అరుదైన పేర్లన్నీ ఒక నోటుపుస్తకంలో ఎక్కించుకున్నాను. ఒక పేరు ఒక పిల్లకే. ఇచ్చిన పేరు మీద ఎర్ర సిరాతో గీత కొట్టేసేదాన్ని.

మా చెల్లెలికి తొలిచూలు ఆడపిల్ల పుట్టింది. రోహిణి నక్షత్రం, అక్షరం వీ. వీణలూ వీరలక్ష్ములూ వీధికొకరు ఉన్నారు. వారం రోజులు వెతికి వీచిక అన్న మాట పట్టుకున్నాను. వీచి అంటే సంస్కృతంలో అల. వీచిక అంటే చిన్న అల. పత్రికల్లో శీర్షికల మీద కనిపించేది గానీ ఉయ్యాలలో ఎవరూ చూడని పేరు. మూడక్షరాలే. పలికితే ముందు కొంచెం గాలి వదిలినట్టుంటుంది, చివర తలుపు మెల్లగా వేసినట్టుంటుంది. వినగానే తెలుగువాళ్ళకి వీచే గాలి కూడా తలపుకొస్తుంది. రెండు మాటలకీ చుట్టరికం లేకపోయినా ఆ హాయి పేరుకి అంటుకుంటుంది. ఇంత సొగసైన మాటను మా ఇంటి పిల్ల కోసమే ఎవరో దాచిపెట్టినట్టనిపించింది.

మా వైపు ఇరవై ఒకటో రోజు బారసాల నాడు పళ్ళెంలో బియ్యం పోసి, తండ్రి ఉంగరంతో పేరు రాసేదాకా ఆ పేరు పైకి అనకూడదు. గాలికి వినపడకూడదంటారు. అందుకని పురిటి గదిలో చెల్లెలి చెవి దగ్గర వంగి చెప్పాను. అర్థం కూడా చెప్పాను. చక్కిలిగింత పెట్టినట్టు నవ్వింది. పద్దెనిమిదో రోజున జ్వరంతో పిల్ల పోయింది. నాలుగోరోజు చెల్లెలు నన్ను చూసి, "అల ఎల్లిపోతాది గదా అప్పా, ఎల్లిపోయే పేరెందుకెతికినావ్?" అని ఒక్కటే అడిగింది. నోటుపుస్తకంలో ఆ పేరు మీద ఎర్రగీత కొట్టాలో వద్దో తేలలేదు. ఆ పేరు పిల్లకి పెట్టినట్టా, పెట్టనట్టా? పుస్తకాన్ని ట్రంకుపెట్టె అడుగున వేసేశాను. తర్వాత ఎవరికీ పేరు చెప్పలేదు. రెండేళ్ళు మా చెల్లెలు నా గడప తొక్కలేదు.

ఆ రెండేళ్ళలోనే కొడుకు పుట్టాడు. ముందు బిడ్డ పోయిన ఇంట్లో పుట్టినవాణ్ణి చేటలో వేసి పొరుగామెకు ఇచ్చి, శేరు తవుడు పోసి తిరిగి కొనుక్కుంటారు. తవుడు పాటి విలువే గలవాడనుకుని మృత్యువు మొహం తిప్పుకుంటుందని నమ్మకం. అలా మావాడు తవిటయ్య అయ్యాడు. ఇప్పుడు మధురవాడలో కంప్యూటర్ల కంపెనీలో ఉద్యోగం. "పెద్దమ్మా, ఢిల్లీ వాళ్ళకి నా పేరు పలకడం నేర్పడానికే మీటింగులో సగం పోతాది. నీకాడ అన్ని పేర్లుండగా నాకు తవుడేటి?" అని దెప్పుతుంటాడు. అప్పట్లో మీ అమ్మ నాతో మాట్లాడేది కాదురా అని చెప్పలేక నవ్వి ఊరుకునేదాన్ని. వాడికంటే ముందు ఒక అక్క ఉండేదని వాడికి తెలుసు. ఆమె పేరు మాత్రం తెలియదు. వాళ్ళ నాన్నకే తెలియదు.

వాడి పెళ్ళాం వాళ్ళ నాన్నగారు గోదావరి నుంచి పోర్టులో ఉద్యోగానికి వచ్చినవారు. అమ్మాయి నెమ్మదస్తురాలు, అన్నిటికీ ఫోనులో వెతుకుతుంది. ఆమెకు ఆడపిల్ల పుట్టింది. ఇదీ రోహిణి నక్షత్రమే. పిల్లకి పన్నెండో రోజున నాకు ఫోన్ చేసింది. "పెద్దత్తయ్యగారూ, పైకి అనకూడదంటారు గానీ మీకు చెప్పక తప్పదండీ. వీచిక అంటే ఏంటండీ? ఫోనులో అల అని ఒక్క ముక్కే ఉంది."

వంటింట్లో పొయ్యి కట్టేశాను. "ఆ పేరు ఎక్కడ దొరికిందమ్మా?" అన్నాను.

"దొరకలేదండీ, వినబడింది. ఏడో నెలలో ఓ రోజు మధ్యాహ్నం ఇంట్లో ఒక్కదాన్నే ఉన్నాను. బయట ఎవరో ఆవిడ, పిల్లని అన్నానికి పిలిచినట్టు పిలిచిందండీ. తలుపు తీస్తే వరండాలో ఎవరూ లేరు. లిఫ్ట్ మా అంతస్తులోనే ఆగి ఉంది. వాచ్‌మన్‌ని అడిగితే ఆ పేరుగల పిల్ల ఈ అపార్ట్‌మెంట్‌లోనే లేదన్నాడు. ఎవరి పిల్లయినా పేరు మాత్రం భలే నచ్చిందండీ."

నేను చదువుకున్నదాన్ని, ఇలాంటివి నమ్మను అని జీవితమంతా చెప్పుకున్నాను. ఆ పూట బస్సులో మా చెల్లెలింటికి వెళుతుంటే ఆ పిలుపు నాకూ వినబడుతుందేమోనని కిటికీ పక్కన కూర్చోవడానికి కూడా ధైర్యం చాలలేదు. చెల్లెలు కవ్వళ్ళ చేపలు శుభ్రం చేస్తోంది. జరిగింది చెప్పాను. కత్తిపీట మీద చేయి ఆగలేదు. ఇంకో చేప తల కోసి, "ఆడగొంతా?" అంది.

"ఆడగొంతేనట."

"మజ్జానమా?"

"ఊఁ."

చేతిలో చేప గిన్నెలో వదిలేసింది. "నాను రోజూ పిలస్తన్నానప్పా. మజ్జానం కంచంకాడ కూకున్నప్పుడు. అన్నానికి రాయే అని. మనసులోనే. నోరిప్పి ఏనాడూ అనలేదు. ఈళ్ళ నాన్నకి కూడా తెలీదు."

చెల్లెలుండే కూర్మన్నపాలెం నుంచి కోడలుండే మధురవాడకి ఊరంతా దాటాలి. మా ఇద్దరికీ అదే లెక్క తోచినట్టుంది, ఒకరి మొహం ఒకరం చూసుకోలేదు.

"ఆ పేరు వద్దని చెప్పేదా?" అన్నాను.

"ఈ పిల్లకేటన్నా అవుతాదనా? నాకూ బయమే. కానప్పా, అది కాదు." ఆమె గొంతు అంత చిన్నదవడం పిల్ల పోయిన నాలుగోరోజు తర్వాత మళ్ళీ ఇప్పుడే విన్నాను. "దీనికి ఆ పేరిచ్చేస్తే దానికేటి మిగుల్తాది? దానికున్నది అదొక్కటే గదా. రేపు మజ్జానం నానెవుల్ని పిలవాల?"

నా జ్ఞానమంతా ఆ ప్రశ్న ముందు కవ్వళ్ళ పొలుసుకి కూడా సాటి రాలేదు. తొమ్మిది రోజులు ఆమె ఏమీ తేల్చలేదు, నేనూ కోడలికి అర్థం తప్ప ఇంకేమీ చెప్పలేదు.

బారసాల నాడు మావాడు ఉంగరంతో బియ్యంలో ఆ పేరే రాశాడు. మూడుసార్లు చెవిలో చెప్పడానికి నాయనమ్మని పిలిచారు. మా చెల్లెలు ఒంగింది. ఒంగి అలాగే ఉండిపోయింది. కోడలు కంగారుగా నా వైపు చూసింది. చెల్లెలు ఇప్పుడు వేరే పేరు చెబుతుందేమో, ఏ పేరూ చెప్పకుండా లేచిపోతుందేమోనని ఒక అడుగు ముందుకేశాను. అప్పుడు ఆమె పెదవులు కదిలాయి. లెక్కపెట్టాను. మూడు కాదు, నాలుగుసార్లు. మొదటిసారి పిల్ల చెవి దగ్గర కాదు, ఆ పక్కన ఖాళీగా ఉన్న చోట.

తర్వాత వచ్చినవాళ్ళు అర్థం అడిగారు. అల అని చెప్పి, ఈమధ్య చదివిన ఇంకో ముక్క కలిపాను. పురాణాల్లో ఒక నరకం పేరు అవీచి. అలలు లేనిదని దాని అర్థం. పూర్వులు అల వెళ్ళిపోతుందని బెంగపడలేదు, రాకుండా పోయే చోటునే నరకమన్నారు. మా చెల్లెలు నా పక్కకొచ్చి, "ఈ ముక్క అప్పుడే సెప్పొచ్చుగా?" అంది.

"అప్పటికి నేను చదవలేదే."

"మరి పెద్ద సదువుకున్నదాన్నని సెప్పుకుంతావు."

పాపకి ఇప్పుడు ఏడాదిన్నర. నాయనమ్మ మధురవాడలోనే ఉంటోంది. మధ్యాహ్నం కంచం పెట్టుకుని, ఇప్పుడు నోరారా పిలుస్తుంది. చెవుడేమో అని కోడలు డాక్టరుకి కూడా చూపించింది, ఏమీ లేదన్నారు. మేం గమనించింది ఇది. పిల్ల ఎక్కడ ఆడుకుంటున్నా మొదటి పిలుపుకి కదలదు. తలెత్తి చూసి, ఎవరికో దారి ఇచ్చినట్టు కాస్త ఆగుతుంది. రెండో పిలుపుకే పరిగెత్తుకొస్తుంది. ఎవరూ నేర్పలేదు. మా చెల్లెలు రెండుసార్లూ ఒకే ముద్దుతో పిలుస్తుంది.

ఇది రాయడానికి సాయపడినవాళ్ళకి పేరుపేరునా దండం పెట్టాలి. రిటైరైన నాకు ఇంకా నిఘంటువు బల్ల మీదికి దించి ఇస్తున్న లైబ్రేరియన్ సుగుణకి, నాలుగు అంతస్తుల్లో మళ్ళీ మళ్ళీ వాకబు చేసిన వాచ్‌మన్ సింహాద్రికి, గీతలు చాలవని నేనంటే కాగితాలు కొనిచ్చిన కోడలు హిమజకి, తవుడుకి దొరికిన మా తవిటయ్యకి, పేరు ఇచ్చేసిన మా చెల్లెలు సత్యవతికి. ఇంకా వీచికకి, వీచికకి. ఒకరు పద్దెనిమిది రోజులే ఉన్నారు, ఇంకొకరు ఇప్పుడే నడుస్తున్నారు. వయసులో ఎవరు పెద్దో చెప్పమంటే ఇన్ని పుస్తకాలు చదివిన నాకు కాలం ఆ లెక్క ఇంకా నేర్పలేదు.