తాబేలు పిల్ల పాట, రెండోసారి

మా అమ్మాయికి వయొలిన్ నేర్పిన మాస్టారు పోయారని మొన్న ఫోనొచ్చింది. పెద్ద వయసు, ఎప్పటినుంచో గుండె జబ్బు. ఎవరమూ ఆశ్చర్యపోలేదు. నేను స్టీలు ప్లాంటులో క్రేను నడిపి రిటైరైనవాణ్ణి, రాత అలవాటు లేదు. అయినా నాలుగు మాటలు రాయాలనిపించింది.

ఆయనది పోర్టులో ఉద్యోగం. సాయంత్రాలు దువ్వాడలో చర్చి వెనక గదిలో పిల్లలకు నేర్పేవారు. మేం గుడికి వెళ్లేవాళ్లం, అయినా మా పిల్లను కాదనలేదు. అందరినీ గుండ్రంగా నిలబెట్టి, కళ్లు మూసుకుని వినేవారు. ఎవరి వయొలిన్ విడిగా వినబడినా, అది ఎంత బాగున్నా సరే, ఆపేసేవారు. "పక్కోలది ఇను తల్లీ, నీది తర్వాత" అనేవారు.

మా పిల్ల ఈమధ్య ఒక తాబేళ్ల బొమ్మల సినిమా రెండో భాగానికి పెద్ద వాద్యబృందంలో వాయించింది! నా ఆనందం ఏమని చెప్పను! రైతుబజారులో కూరలమ్మే ఆవిడకు కూడా చెప్పేశాను.

సినిమా వచ్చేసరికి మాస్టారు మంచం పట్టారు. అది వినకుండానే పోతానేమోనని ఆయన బెంగ. డాక్టరు కదలొద్దన్నారు. "దారిలో ఏటైనా అయితేనో?" అంది ఆయన భార్య. "ఇంటికాడుంటే అవదేటి?" అన్నారు మాస్టారు. నేనూ, ఆయన అల్లుడూ చక్రాల కుర్చీలో సినిమా హాలుకు తీసుకెళ్లాం.

మొదటి భాగంలో తల్లి తాబేలు గుడ్లను ఇసుకలో కప్పి సముద్రంలోకి వెళ్లిపోతుంటే, ఒంటరి వేణువు మీద చిన్న పాట వస్తుంది. రెండో భాగంలో పెద్దదైన పిల్ల తాబేలు అదే ఒడ్డుకు గుడ్లు పెట్టడానికి వస్తుంది. మాటల్లేవు. అదే పాటను బృందమంతా అందుకుంది. హాల్లో పిల్లలు పాప్‌కార్న్ నమలడం మానేశారు. నాకు ఏడుపు ఆగలేదు.

"మా పిల్లది ఇనబడతందా మాస్టారూ? నాకైతే బాగా తెలస్తంది!" అన్నాను.

"కోతలు కొయ్యకు బావా. మీ పిల్లది ఇడిగా ఇనబడితే దాని పని ఊడిపోద్ది."

నవ్వుతూనే కళ్లు తుడుచుకున్నారు.

"మరి మీరెందుకు ఏడస్తన్నారు?"

"కొత్త పాటయితే సెవులు ఇంటాయి. తెలిసిన పాట తిరిగొస్తే, మజ్జిన ఏటేటి పోయిందో అంతా గుర్తొస్తాది బావా."

పేర్లు పడుతుంటే జనం లేచిపోయారు. నేను మా అమ్మాయి పేరు వెతుక్కుంటున్నాను. మాస్టారు తెర చూడటం లేదు, నా చెయ్యి పట్టుకుని కూర్చున్నారు. పాట అయిపోయి లైట్లు వెలిగాయి. నా మణికట్టు మీద ఆయన ఎడమచేతి వేళ్లు మాత్రం ఒకదాని తర్వాత ఒకటి, మెల్లగా, ఇంకా తీగలు నొక్కుతూనే ఉన్నాయి.