తాత ఆకులో గ్రేవీ రొట్టె

నిన్న మధ్యాహ్నం ఆరిన బట్టలు మడత పెడుతుంటే ఫోన్ మోగింది. గుంటూరు నుంచి ఈ మలాయి దేశానికి ఉద్యోగానికొచ్చి, మా మేడ మీది గది అద్దెకు తీసుకున్న అమ్మాయి. పొద్దున్నే సైబర్‌జయా వెళ్ళి కంప్యూటర్ ముందు కూర్చుని, దీపాలు పెట్టే వేళకి మా ఊరు బంటింగ్ తిరిగొచ్చి, మెట్ల మీద నుంచే "ఆంటీ, తినేశాను, నాకేమీ ఉంచొద్దు" అని అబద్ధం చెప్పి పైకి పోయే పిల్ల. వాళ్ళ ఆఫీసులో ఏడాది చివరి విందు జరిగిందట. బల్ల మధ్యలో పెద్ద టర్కీ కోడిని పెట్టారట. తలా ఒక ముక్క తిని, ఇక చాలనుకుని, పారేయడానికి మనసొప్పక, మిగిలిందంతా డబ్బాల్లో సర్ది ఈ పిల్ల చేతిలో పెట్టారట. "కొరికితే దూది నమిలినట్టుంది ఆంటీ. బిర్యానీలో కలిపేయనా?" అంది.

"ఆగమ్మా, ఆగు లా," అన్నాను. ఇక్కడ మాట చివర 'లా' తగిలించకపోతే మాట పూర్తయినట్టుండదు. "ఎముకలు పారేయలేదు కదా? అవి కూడా పట్టుకురా. దారిలో రొట్టె కొను. దళసరిగా కోసింది చూసి మరీ కొను."

ఫోన్ పెట్టేశాక నాకే నవ్వొచ్చింది. పుట్టి బుద్ధెరిగి క్రిస్మస్ చేసుకోని మనిషిని. ఫ్యాక్టరీలో పనిచేసి రిటైరైనదాన్ని. ఇంట్లో పప్పు, చేపల పులుసు, మహా అయితే ఆదివారం కోడికూర. అలాంటిది, టర్కీ కోడి మాంసం వేడిచేసి, రొట్టె మీద పరిచి, పైన గ్రేవీ పోసి తినడం గురించి మాత్రం ఎవరడిగినా ఆపకుండా చెప్పగలను. కారణం మా తాత. ఆయన్ని నేను చూసిన గుర్తు కూడా లేదు. కానీ ఆయన నాలుకకి ఏది ఇష్టమో నాకు తెలిసినంతగా మా ఆయన నాలుక గురించి కూడా తెలియదు.

మా తాత సుంగై సుమున్ దగ్గరి ఎస్టేట్‌లో దొర బంగళాకి కుక్కు. లైన్లలో, అంటే కూలీల వరస ఇళ్ళలో ఉండే మిగతా వాళ్ళంతా రబ్బరు చెట్లు గీస్తుంటే, ఈయన తెల్ల కోటు వేసుకుని కోడిని కాల్చేవాడు. డిసెంబరులో దొరకి టర్కీ వచ్చేది. పండగనాడు దొరలు సగం తినేవారు. మర్నాడు ఆ మిగిలిన మాంసంతో, దళసరి రొట్టెతో, వేడి వేడి గ్రేవీతో తాత ఒక వంటకం చేసేవాడు. పండగ భోజనం కన్నా దొరకి అదే ఎక్కువ ఇష్టమట. మా తాతకీ అదే ప్రాణం. దొర దాన్ని సాండ్‌విచ్ అనేవాడేమో, మా ఇంట్లో మాత్రం గ్రేవీ రొట్టె.

ఇదంతా నాకు చెప్పింది మా మేనత్త, తాతకి ఒక్కతే కూతురు. పిల్లల్లేరు. భర్త పోయాక నా దగ్గరే ఉండేది. ఉండేది అనడం మర్యాద కోసం, ఏలేది అనాలి. మా వంటింట్లో ఉప్పుడబ్బా ఎక్కడుండాలో ఆవిడే నిర్ణయించింది, ఇప్పటికీ అది అక్కడే ఉంది.

మాలో దీపావళి ముందు రోజు పోయిన పెద్దలకి అరిటాకు వేస్తాం. బతికుండగా ఎవరికి ఏది ఇష్టమో అది వడ్డిస్తాం. మా మామయ్యకి నల్ల బీరు, మా అమ్మకి పాలల్లో ముంచిన బిస్కెట్లు, మా నాన్నకి చుట్ట. తాత ఆకులో గ్రేవీ రొట్టె. చుట్టుపక్కల ఇళ్ళల్లో ఎవరి పెద్దలూ ఇంత ఖరీదైన కోరిక కోరలేదు. దీపావళి నాటికి కొట్లలో టర్కీ ఇంకా రాదు. అందుకని మోరిబ్ వైపు కొబ్బరితోటలో ఈ పక్షుల్ని పెంచే ఒక మలాయి పెద్దాయన దగ్గరికి మా ఆయన బండి వేసుకుని వెళ్ళేవాడు. మలాయి వాళ్ళు దాన్ని డచ్చివాళ్ళ కోడి అంటారు. అరవంలో ఆకాశం కోడి. మా అత్తకి సీమకోడి. ఎవరికి వాళ్ళు దాన్ని దూరంగా ఎక్కడికో నెట్టేశారు గానీ, పాపం అది మాత్రం కొబ్బరిచెట్టు కింద నిక్షేపంగా పురుగులేరుకుంటూ ఉండేది. మొదటిసారి ఆ పెద్దాయన ఎవరికని అడిగితే, మా ఆయన పెద్ద వివరణ ఇవ్వలేక "మా ఇంటి ముసలాయన ఇష్టపడతాడు" అన్నాడట. అంతే, అప్పట్నుంచీ ఆయన ఏటా పక్షిని ఇస్తూ "మీ ముసలాయనకి నా సలామ్ చెప్పు" అనేవాడు. మా ఆయన దిద్దలేదు. మా అత్త ఆకు ముందు నిలబడి ఆ సలామ్ తాతకి అందజేసేది కూడా.

అత్త గ్రేవీ చేస్తుంటే చూడాలి. మా బుల్లి ఓవెన్‌లో పక్షి మొత్తం పట్టదు కనుక కాళ్ళూ రొమ్మూ విడదీసి, వెన్న రాసి కాల్చేది. మెడ, రెక్కల చివర్లు, ఎముకలు నీళ్ళలో వేసి సన్నసెగ మీద మరిగించేది. ట్రేలోకి దిగిన కొవ్వులో మైదా వేసి, చెక్క గరిటెతో అలా తిప్పుతూ, తిప్పుతూ, మాట్లాడకుండా, ముక్కు పైకెత్తి నిలబడేది. పిండి పచ్చివాసన పోయి, వేయించిన శనగల వాసన వచ్చే క్షణం ఒకటుంటుందట. అప్పుడే ఎముకల నీళ్ళు పోయాలి. ముందు పోస్తే జిగురు, ఆలస్యమైతే చేదు. ఉప్పు, మిరియాలు, అంతే. ఇంకేం వెయ్యబోయినా చెయ్యి మీద గరిటె పడేది. "బంగళా గ్రేవీలో మన సామాను పడకూడదు" అనేది. ఆ వంటకంతా ముక్కే ఆధారం.

ఆ ముక్కే పోయింది. ఊరూరా తలుపులు మూసుకుని కూర్చున్న ఆ మాయదారి జ్వరం రోజుల్లో అత్తకీ వచ్చింది. దేవుడి దయవల్ల గట్టిగా లేచి కూర్చుంది గానీ, వాసన తిరిగి రాలేదు. మల్లెపూలూ ఎండుచేపా ఒకటే. అన్నం మాడుతుంటే పక్కనే కూర్చుని రేడియో వినేది. మేం పరీక్షలు పెట్టాం. బెలచాన్ అని పులియబెట్టిన రొయ్యల ముద్ద కాల్చి ముక్కు కింద పెట్టాం. ఏమీ లేదు. ఈ కథలో లాభపడింది మా ఆయన ఒక్కడే. అత్త ముక్కు పనిచేసినన్నాళ్ళూ మా గడప దాటి దురియన్ పండు లోపలికి వచ్చింది లేదు, ఆ కంపు ఆవిడకి పడదు. ఇప్పుడు ఆయన ధైర్యంగా హాల్లోనే పగలగొట్టుకుని తినేవాడు, ఆవిడ ఎదురుగా కూర్చుని టీవీ చూసేది. ఆయన నవ్వుతూ ఉంటే నాకు ఏడుపొచ్చేది.

దీపావళి దగ్గర పడింది. మోరిబ్ నుంచి పక్షి వచ్చింది, సలామ్‌తో సహా. అత్త దాని మొహం చూడలేదు.

"ఈపాలి ఒద్దే," అంది. "పచ్చివాసన పోయిందో నేదో నాకు తెల్దు. బాగోకపోతే అయ్య ముట్టుకోడు. ఏడాదికోపాలి ఒస్తాడు, ఆకలితో ఎల్లిపోతాడు."

ఆవిడకి అది ఆచారం కాదు, నిజం. వాళ్ళ నాన్న వస్తాడు, కూర్చుంటాడు, తింటాడు. ఈసారి తినకుండా లేచిపోతాడు, తన చేతి వల్ల. ఆ భయంతో రెండు రోజులు సరిగ్గా అన్నం తినలేదు. నాకు చూడబుద్ధి కాలేదు. "నువ్వు ఇక్కడ కూకో అత్తా, ఎలగ సెయ్యాలో సెప్పు, నాను సేస్తాను, నా ముక్కు నీ ముక్కు అనుకో" అని వంటింటి గుమ్మంలో స్టూలు వేశాను. కాసేపు గొణిగి కూర్చుంది.

ఇక చూడండి నా పాట్లు. ఒక పొయ్యి మీద గ్రేవీ, పక్క పొయ్యి మీద మిగతా పెద్దలందరి కోసం పప్పు. అత్త స్టూలు మీద నుంచి పోలీసులా ప్రశ్నలు. "రంగెలగుంది? కందిపప్పు రంగా, బెల్లం రంగా? పచ్చివాసన పోయిందేటి? నిజంగా పోయిందేటి, నా కోసం సెప్తన్నావా?" మొత్తానికి శనగల వాసన వచ్చింది, నీళ్ళు పోశాను, ఉండ కట్టలేదు. గరిటె వెనక మీద వేలితో గీత గీస్తే గీత నిలబడింది. నాకు ఎంత గర్వం వచ్చిందంటే, పప్పులోకి పోపు పెడుతూ కూనిరాగం కూడా తీశాను. ఆవాలు చిటపటలాడుతున్నాయి, ఎండుమిరపకాయ నల్లబడుతోంది, కరివేపాకు వేశాను. సరిగ్గా అప్పుడే పెరట్లోంచి మా ఆయన "అరిటాకు చిరిగిపోయింది, ఇంకోటి కొయ్యనా?" అని కేకేశాడు. అటు తిరిగి "కొయ్యి" అంటూ, పోపు గరిటె తీసి, దగ్గరున్న గిన్నెలో బోర్లించాను. జీవితమంతా పోపు వేసిన చెయ్యి కదా, కన్నుని అడగలేదు.

చుయ్‌మంది.

"ఓలమ్మో! గ్రేవీలో పోపేసినావేటే!"

నేను కిందికి చూశాను. బంగళా గ్రేవీ మీద ఆవాలు తేలుతున్నాయి. భయం వేయాల్సింది పోయి నాకు ఒళ్ళు పులకరించింది. "అత్తా! నీకు వాసన ఒచ్చిందా!"

"వాసనేటి? ముక్కు పోయింది గానీ సెవులు పోనేదు. పప్పులో పడితే ఆ సప్పుడు రాదు."

ఇంకో పక్షి లేదు, ఇంకో కొవ్వు లేదు. పొద్దు వాలకముందే ఆకు వెయ్యాలి. నేను చెంచాతో ఆవాలు ఏరడం మొదలుపెట్టాను. చేపలు పట్టినట్టే ఉంది, ఒకటి దొరికితే నాలుగు జారిపోతున్నాయి. నా కళ్ళల్లో నీళ్ళు చూసిందో ఏమో, అత్త లేచి వచ్చింది. చెంచా లాక్కుని, ఒక గుక్క నోట్లో వేసుకుంది. వాసన తెలియని నోటికి కూడా ఉప్పూ కారం తెలుస్తాయి. ఆవగింజ పంటి కింద టప్పుమని పగలడం తెలుస్తుంది. అలా కళ్ళు మూసుకుని నిలబడిపోయింది. నేను తిట్ల కోసం సిద్ధంగా ఉన్నాను.

"మా ఇంట్లో గ్రేవీ ఇదేనే," అంది.

నాకు అర్థం కాలేదు. పొయ్యి కట్టేసి, ఆవిడని మళ్ళీ స్టూలు మీద కూర్చోబెట్టాను. అప్పుడు చెప్పింది. బంగళాలో మిగిలిన గ్రేవీని తాత క్యారియర్ అడుగున పోసి, రొట్టె చివరి ముక్కలతో లైన్లకి తెచ్చేవాడట. మా నానమ్మ దాన్ని చప్పిడి పులుసు అని దగ్గరికి రానిచ్చేది కాదు. అప్పుడు తాతే పొయ్యి దగ్గర కూర్చుని, ఎండుమిరపకాయ తుంచి, వెనక దొడ్లోంచి కరివేపాకు దూసి, పోపు పెట్టేవాడట. అందరూ చుట్టూ కూర్చుని అందులో రొట్టె ముంచుకుని తినేవారట. ఇది ఆవిడ బాగా చిన్నప్పటి సంగతి. తర్వాత తాత దగ్గర బంగళా వంట నేర్చుకున్న గొప్పలో అది అడుగున పడిపోయింది.

"మరి ఇన్నేళ్ళూ ఉత్తదెందుకు పెట్టినావు?" అన్నాను.

"బంగళాలో ఎలగ వండీవోడో అలగే పెట్టాలనుకున్నాను," అంది. పమిట కొంగుతో ముక్కు తుడుచుకుంది. "అది మా అయ్య పని. ఇది మా అయ్య తిండి. ఇన్నేళ్ళూ ఆయనకి దొర కూడే పెట్టినాను సూడు."

ఏడుస్తుందేమో అనుకున్నాను. నవ్వడం మొదలుపెట్టింది. పాపం ఆ ముసలాయన ఏటా అంత దూరం నుంచి వచ్చి, చప్పిడి గ్రేవీ తిని, కూతుర్ని ఏమీ అనలేక నోరు మూసుకుని వెళ్ళిపోయి ఉంటాడని తలుచుకుని తలుచుకుని నవ్వింది. నేనూ నవ్వాను. అరిటాకు పట్టుకుని వచ్చిన మా ఆయన ఇద్దరినీ చూసి, ఆకు అక్కడ పెట్టి వెళ్ళిపోయాడు.

ఆకు వేశాం. రొట్టె వెన్నలో కాల్చి, మీద టర్కీ ముక్కలు పరిచి, పోపు పడిన గ్రేవీ పోశాం. హారతి ఇచ్చి, మోరిబ్ పెద్దాయన సలామ్ చెప్పి, తలుపు దగ్గరగా వేసి బయట నిలబడ్డాం. పెద్దలు తింటున్నప్పుడు చూడకూడదు. అత్త తలుపుకి చెవి ఆనించింది. లోపల ఏం వినిపించిందో నాకు చెప్పలేదు. తర్వాత ప్రతి ఆకులోంచీ కొంచెం తీసి గోడ మీద పెడితే, కాకి బిస్కెట్టుని దాటుకుని వచ్చి గ్రేవీ రొట్టె ముక్కే ఎగరేసుకుపోయింది. "ఈ ఊరి కాకులు సబ్బు కూడా తింటాయి" అన్నాడు మా ఆయన. అత్త ఆయన వైపు చూసిన చూపుకి ఆకులు తీసే వంకతో లోపలికి పోయాడు.

ఆ సాయంత్రం మేం ముగ్గురం కూర్చుని మిగిలింది తిన్నాం. గిన్నెలోకి వంపగా ట్రే అడుగున మిగిలిపోయిన, పోపు పడని గ్రేవీ కొంచెం ఉంటే అత్త దాన్ని తనవైపు లాక్కుంది. "నాకిది అలవాటైపోయిందే. నాను పోయాక నా ఆకులో మాత్రం పోపెయ్యకు లా. ఉత్తదే పెట్టు" అంది, వేడి రొట్టె నములుతూ, రేపు మార్కెట్‌కి ఏం కావాలో చెప్పినట్టు.

కొన్నాళ్ళకి ఆవిడ ముక్కు కూడా తిరిగొచ్చింది. ఒక రోజు హాల్లో కూర్చుని టీవీ చూస్తూ ఉన్నట్టుండి, "ఎవులు తెచ్చినారీ కంపు? బేగి బయట పారీండి!" అని అరిచింది. నేను పరుగెత్తుకెళ్ళి ఆవిడని కావలించుకున్నాను. మా ఆయన దురియన్ ఒళ్ళో పెట్టుకుని వీధి అరుగు మీదకి వెళ్ళి తిన్నాడు. అంత సంతోషంగా ఇంట్లోంచి గెంటించుకున్న మనిషిని నేను చూడలేదు. అత్త ఆ తర్వాత ఇంకో దీపావళి చూసి వెళ్ళిపోయింది. ఆవిడ లేని వంటిల్లు ఎంత పెద్దదో నాకు అప్పుడు తెలిసింది.

నిన్న సాయంత్రం గుంటూరు అమ్మాయి డబ్బాలన్నీ మోసుకొచ్చింది. ఎముకలు మరిగించాం. పిండి వేయించేటప్పుడు ఆ పిల్ల ముక్కు పైకెత్తి నిలబడితే ఒక్క క్షణం అత్తే అనుకున్నాను. గ్రేవీ చిక్కబడ్డాక అలవాటుగా రెండు గిన్నెల్లో పోశాను. ఇప్పుడు మా ఇంట్లో దీపావళికి గ్రేవీ రెండు గిన్నెల్లోనే ఉంటుంది, పక్కపక్కన రెండు ఆకులకి. ఒకదాంట్లో పోపు వేసి, రెండోదాని మీద మూత పెట్టాను.

"అదేంటి ఆంటీ, దానికి వెయ్యరా?" అంది.

"దానికొద్దంది" అన్నాను. ఆ పిల్ల మూత ఎత్తి ఆ ఉత్త గ్రేవీలోనే రొట్టె ముంచుకుంది. మనుషుల్ని కాలం తీసుకుపోతుంది, కాదనలేం, కానీ ఎవరికి పోపు కావాలో ఎవరికి వద్దో మాత్రం పొయ్యి దగ్గరే వదిలేసి పోతుంది.