సుగుణ సిస్టర్‌ను పంపాలా, ఉంచాలా

పదవీ విరమణకు రెండేళ్ల ముందు, వరి కోతల కాలంలో నన్ను బాన్సువాడలో ఒక దవాఖానకు ఫిజీషియన్‌గా వేశారు. అక్కడి వార్డంతా హెడ్ నర్సు సుగుణ సిస్టర్ చేతుల మీద నడిచేది. యాభై దాటిన మనిషి. రోజూ బీర్కూర్ నుంచి బస్సులో వచ్చేది.

ఒక మధ్యాహ్నం వరండాలో ఎదురై, అన్నం తింటే పైకడుపు నొస్తోందని చెప్పింది. గ్యాస్ అయి ఉంటుందని, నిలబడే ఒక మాత్ర పేరు చెప్పి వెళ్లిపోయాను. పడుకోబెట్టి చూడలేదు. మర్నాడు ఉదయం డ్యూటీ గదిలో ఆమె కుర్చీలో ముందుకు వంగి, కడుపు పట్టుకుని కనిపించింది. రెండుసార్లు వాంతి అయింది. నొప్పి వీపులోకి పొడుస్తోందంది. నిన్నటిది నా తప్పని ఒప్పుకున్నాను.

“నేను గూడ గ్యాసే అనుకున్న సార్. ఇద్దరం తప్పినం” అంది.

ఆ వయసులో పైకడుపు నొప్పి గుండెపోటు కూడా కావచ్చు కనుక ముందు ఈసీజీ తీయించాను. బాగుంది. క్లోమగ్రంథి, అంటే పాంక్రియాస్, వాచిందని చెప్పాలంటే మూడింటిలో రెండు ఉండాలి: ఈ తరహా నొప్పి, రక్తంలో ఆ గ్రంథి వదిలే లైపేజ్ అనే ఎంజైమ్ మామూలు హద్దుకు మూడు రెట్లో అంతకంటే ఎక్కువో ఉండడం, స్కానింగులో వాపు కనబడడం. ఆమెకు మొదటి రెండూ ఉన్నాయి. అల్ట్రాసౌండులో పిత్తాశయం నిండా చిన్న రాళ్లు. అవి జారి క్లోమం నాళానికి అడ్డుపడితే అది వాస్తుంది; కారణమూ తెలిసింది.

ఇంతలో ఆమె తమ్ముడు ప్రభాకర్ రిపోర్టును ఫోన్‌లో చూసుకుంటూ వచ్చాడు. “పద్దెనిమిది వందలుందంట సార్, అరవై దాటొద్దంట. గింతుంటే అక్క బతుకుతదా? ఇగ హైదరాబాద్ తీస్కపోతం” అన్నాడు.

ఆ లైపేజ్ అంకె జబ్బు ఏదో చెబుతుంది గానీ ఎంత తీవ్రమో చెప్పదని అతనికి వివరించాను. తీవ్రతను మిగతా అవయవాల్లో చూస్తాం. మూత్రపిండాలు, ఊపిరితిత్తులు, రక్తప్రసరణ నిలకడగా ఉండి, క్లోమం చుట్టూ ఇతర చిక్కులు రాకపోతే తేలిక రకం. ఆ అవయవాల్లో ఏదైనా దెబ్బతిని నలభై ఎనిమిది గంటలు దాటినా కోలుకోకపోతే తీవ్రం. ఆమె నాడి నూట పన్నెండు, శ్వాస నిమిషానికి ఇరవై నాలుగు, రెండూ ఎక్కువే. స్పృహ, బీపీ, ఆక్సిజన్, ఛాతీ ఎక్స్‌రే బాగున్నాయి. ఉంచుదామన్నాను. మొదలుపెట్టిన సెలైన్‌ను పెంచి చూసినా మూత్రం గంటకు ముప్పై మిల్లీలీటర్లకు చేరకపోయినా, ఆక్సిజన్ పడిపోయినా, మగత కమ్మినా అదే నిమిషంలో పంపుతానని మాటిచ్చి, అంబులెన్స్ డ్రైవర్‌ను కదలొద్దన్నాను.

మధ్యాహ్నం రెండింటికి మూత్రం ఇరవైకి దిగింది. ఒక గంట చూసి, అప్పటికీ పెరగకపోతే పంపేద్దామని సెలైన్ వేగం పెంచి, ఊపిరితిత్తుల్లో నీరు చేరలేదు కదా అని స్టెతస్కోపుతో విని, ఆమె మణికట్టు పట్టుకున్నాను.

“నాడి జూస్తున్నట్టు వట్టుకోని శ్వాస లెక్కవెడ్తుండ్రు గదా సార్?” అంది కళ్లు తెరవకుండానే. లెక్కపెడుతున్నామని తెలిస్తే రోగి శ్వాస మారిపోతుంది; అందుకే అలా చేస్తాం. ఆ కిటుకును కొత్త నర్సులకు నేర్పేది ఆమే. దొరికిపోయినందుకు సిగ్గేసింది గానీ, అంత తెలివిగా మాట్లాడిందంటే మగత లేదన్నమాట. ఆ మాటే నాకు సగం ధైర్యమిచ్చింది.

మూడింటికి మూత్రం ముప్పై అయిదు. అయిదింటికి యాభై. ప్రభాకర్ బల్ల మీద కూర్చుని మొదటిసారి టీ తాగాడు. మర్నాడు ఉదయానికి, మూత్రపిండాల పనితీరు చెప్పే బ్లడ్ యూరియా నలభై నాలుగు నుంచి ముప్పైకి తగ్గింది. మూడో రోజు, నలభై ఎనిమిది గంటలు దాటాక రౌండ్స్‌కు వెళితే సుగుణ సిస్టర్ లేచి కూర్చుని ఉంది.

“ఆకలైతుంది సార్. రెండు ఇడ్లీలు తింటే ఏమన్న అయితదా?”

తినమన్నాను. రాళ్లుంటే వాపు మళ్లీ వస్తుంది కాబట్టి, పిత్తాశయం తీయించడానికి ఆ వారంలోనే నిజామాబాద్ సర్జన్ దగ్గరికి పంపాను. నెల తిరక్కుండా ఆమె డ్యూటీలో చేరింది.

ఈ జబ్బులో మొదటి రోజు చేసేది అంచనా మాత్రమే. పడక దగ్గర మళ్లీ మళ్లీ కొలిస్తేనే అది నిజమో కాదో తేలుతుంది. ఆ తర్వాత ఇలాంటి రోగులందరి కేస్ షీట్లలో లైపేజ్ ఒక్కసారే రాయించాను, మూత్రం గంటగంటకూ రాయించాను.