చెవిలో దిగిన ఈక గాలం

నేనూ నర్సయ్యా సౌదీలోని యాన్బులో ఒకే లేబర్ క్యాంపులో ఉంటాం. మా ఇంజినీరు జపాన్ పెద్దాయన. ఈకలు, దారంతో పురుగులాంటి గాలం కట్టి, కొండవాగుల్లో చేపలు పట్టే పాత పద్ధతి ఆయనకు తెలుసు. వాళ్ల ఊళ్లో అది తెలిసినవాళ్లు ఇక లేరట. అందుకే ఉద్యోగం ముగించుకుని ఫైనల్ ఎగ్జిట్ మీద సొంత దేశానికి వెళ్లేలోగా ఒక్కరికైనా నేర్పాలనుకున్నారు. గోదావరిలో వలలు వేసే ఇంట్లో పుట్టిన నన్ను వదిలి, నేతపని ఇంటివాడైన నర్సయ్యను ఎంచుకున్నారు. దారం ముడి వాడి వేళ్లకు ఇట్టే పడుతోందట! నా కడుపు మండిపోయింది.

ఒక శుక్రవారం ముగ్గురం కొండల మధ్య నీరు పారే వాదీకి వెళ్లాం. నర్సయ్య గాలం విసిరినప్పుడల్లా పెద్దాయన చప్పట్లు కొట్టారు. వాళ్లు చాయ్ తాగుతుంటే నేను ఆ గాలపు కర్ర అందుకుని, బలమంతా పెట్టి ఊపాను. గాలం వెనక్కి వచ్చి నా చెవి తమ్మెలోనే దిగింది. కెవ్వున అరిచాను.

నర్సయ్య పరుగెత్తుకొచ్చాడు. "కదలకురా! ఈ గాలానికి ఎదురుముల్లు లేదు, అల్కగ వస్తది" అంటూ మెల్లగా తీశాడు. తర్వాత నా పక్కన కూర్చుని, "నువ్వెప్పుడు అడుగుతవా అని చూస్తున్న. నీకు నేర్పనారా నేను?" అన్నాడు.

పెద్దాయన వెళ్లిపోయారు. ఇప్పుడు నర్సయ్యే నా గురువు. మొన్న నేను కట్టిన గాలానికి మొదటిసారి చిటికెన వేలంత చేప పడింది. నాకన్నా వాడే ఎక్కువ గంతులేశాడు. పక్కవాడి గెలుపుకు అంతలా సంతోషించడం వాడికెలా వచ్చిందోనని, అందుకూ కాస్త అసూయపడ్డాను.